తోడు ముద్ద

దేశాటనం చేసినవాడు ఇంటికి ఏమి తెచ్చుకొంటాడు అన్నది చిన్న ప్రశ్న కాదు. కొందరు శాలువలు తెస్తారు, కొందరు ఛాయాచిత్రాలు తెస్తారు, కొందరు అక్కడి మనుష్యులను గురించి స్థిరమైన అభిప్రాయాలు తెస్తారు. ఈ చివరి సరుకు అన్నిటికంటె చౌక. ఈ మధ్య కాలంలో మరొకటి కూడ ఈ వరుసలో చేరినది. అది విద్య. పోయిన చోట ఒక కుటుంబంతో నాలుగు రోజులుండి, వారు కాల్చే రొట్టెనో, నేసే గుడ్డనో, పాడే పాటనో నేర్చుకొని రావటం గౌరవప్రదమైన యాత్రగా పరిగణింపబడుతున్నది. కొండలను చూసి రావటం కంటె మనుష్యుల దగ్గర నేర్చుకొని రావటం మేలని నేనూ నమ్మినవాణ్ణే, ఇప్పటికీ నమ్ముతున్నాను. కాని అట్లా నేర్చుకొన్నవాడు ఆ ఇంటికి ఏమి ఋణపడతాడు, దానిని ఎట్లా తీరుస్తాడు అన్న సంగతి నేను ఏనాడూ ఆలోచించి ఉండలేదు. ఒక ఉదయం నా చేతులారా ఒక తప్పు చేసిన పిమ్మట గాని ఆలోచించవలసిన అవసరం కలుగలేదు.

2018 ఆగస్టులో కొన్ని రోజులు నేను లదాఖ్‌లో గడిపినాను. సముద్రమట్టానికి సుమారు 3,500 మీటర్ల ఎత్తున ఉన్న లేహ్ పట్టణం నుండి సింధు నది వెంట పడమరగా దిగుతూ పోతే షామ్ అనే ప్రాంతం వస్తుంది. ఎత్తు కొంత తగ్గుతుంది కావున అక్కడ ఖుబానీ చెట్లు, అక్రోటు చెట్లు పెరుగుతాయి. వర్షం మాత్రం లేనట్లే. లేహ్‌లో ఏడాది మొత్తానికి కురిసేది సుమారు వంద మిల్లీమీటర్లు. కొండ మీది మంచు కరిగి వాగుగా దిగిన చోట గ్రామం, ఆ నీరు పారినంత మేర పొలం, నీరు ఆగిన చోట ఎడారి. ఈ హద్దు ఎంత స్పష్టమంటే ఒక కాలు గోధుమ చేనిలోను, రెండవ కాలు ఎడారిలోను పెట్టి నిలబడవచ్చు. పంటలలో ముఖ్యమైనవి యవలు, గోధుమలు. యవలను వేయించి పిండి చేసుకొని వెన్న కలిపిన ఉప్పు టీలో పిసుక్కొని తింటారు. యవల పిండికి సాగే గుణం తక్కువ. అందుచేత పొంగే రొట్టెకు గోధుమే కావలెను.

నేను బస చేసినది యాత్రికులకు గదులు అద్దెకిచ్చే ఇల్లు. ఈ మాట మొదటనే చెప్పవలెను. లేకుంటే ఏదో పురాణకాలపు ఆతిథ్యాన్ని వర్ణించబోతున్నానని పాఠకులు భ్రమపడగలరు. లదాఖ్‌లోకి యాత్రికులను 1974 లో అనుమతించినారు. ఆనాటి నుండి అక్కడి కుటుంబాలకు యాత్రికుడు ఒక కొత్త పంట అయినాడు. గదికి ఇంత, రెండు పూటల భోజనానికి ఇంత అని గోడకు అంటించిన కాగితం ఉన్నది. ఇంట్లో ముసలమ్మ ఉన్నది, ఏభై ఏండ్లకు చేరువైన ఆమె కోడలు ఉన్నది, జమ్మూలో చదువుకొంటూ సెలవులకు వచ్చిన మనుమరాలు ఉన్నది. ఇంటి యజమాని లేహ్‌లో లారీ నడుపుతాడు. అక్కడ తల్లిని 'అమా-లే' అని, నాయనమ్మను 'అబి-లే' అని పిలుస్తారు. చివరనున్న ఆ 'లే' మన 'గారు' వంటిది. నేనూ అట్లాగే పిలిచినాను. మాకు ఉమ్మడిగా ఉన్నది విరిగిన హిందీ. అది చాలనప్పుడు అమ్మాయి దుబాసీ.

లదాఖీ ఇంట వంటగదే ఇంటికి నడిమి గది. చలికాలమంతా కుటుంబం అక్కడనే కూర్చుంటుంది, అతిథిని అక్కడనే కూర్చోబెడతారు. గోడ పొడవునా రాగి పాత్రలు, ఇత్తడి గరిటెలు వరుసలు తీరి మెరుస్తూ ఉంటాయి. మధ్యన పొయ్యి. ఆ పొయ్యిలో ఒక దేవత ఉన్నదని వారి నమ్మకం. పాలు పొంగి నిప్పులో పడినా, మలినమైనది ఏదైనా అందులో వేసినా ఆ దేవతకు కోపం వస్తుందట. మొదటి రోజున నేను చేతిలోని కాగితపు ముక్కను నిప్పులోకి విసరబోతే అబి-లే తన చేయి అడ్డం పెట్టినది. అది నా మొదటి పాఠం. రొట్టె ఇంకా రాలేదు.

వారి రొట్టె పేరు ఖంబీర్. గుండ్రంగా, అరచేతికంటె కాస్త వెడల్పుగా, బొటనవ్రేలంత మందంగా, పైన గోధుమవన్నె పెచ్చుతో ఉంటుంది. ఆ పేరు అరబ్బీలోని 'ఖమీర్' నుండి వచ్చినది. ఖమీర్ అంటే పులిసిన పిండి. ఢిల్లీ వారి ఖమీరీ రొట్టె కూడ ఆ మాటకు చుట్టమే. యార్కండ్ నుండి కారకోరం కనుమ దాటి వచ్చే వర్తకుల బిడారులు ఇరవయ్యో శతాబ్ది మధ్య వరకు లేహ్ బజారులో దిగేవి. కాశ్మీరు నుండి, పంజాబు నుండి వచ్చినవారు అక్కడనే వారిని కలుసుకొనేవారు. రొట్టె ఆ కొండలది, పేరు దూరదేశానిది. అచ్చమైన స్థానికత్వం కోసం వెదుకుతూ అంత దూరం పోయిన నాకు మొట్టమొదట దొరికిన మాటే బాటసారి మాట అయినందుకు లోలోపల నవ్వుకొన్నాను.

నేను అన్నం తినే ప్రాంతంవాణ్ణి. మా ఇంట పొంగేది ఇడ్లీ పిండి ఒక్కటే. దానిని రాత్రి రుబ్బి మూత పెట్టి పడుకొంటే తెల్లవారేసరికి మా ఊరి ఉక్క దాని పని అది చేసి పెడుతుంది. అక్కడ అట్లా కాదు. ఆగస్టులో కూడ రాత్రి చలి. సాయంకాలం గోధుమ పిండిలో నీళ్ళు, ఉప్పు వేసి, క్రితం రోజు దాచిన పులిసిన ముద్దను చిదిపి కలిపి, గట్టిగా పిసికి, గిన్నెను పాత ఉన్ని గుడ్డలో చుట్టి పొయ్యి ప్రక్కన పెడతారు. పిసకటం తేలిక పని అనుకొన్నాను. పది నిమిషాలకే నాకు రొప్పు వచ్చినది. ఆ ఎత్తున గాలి పలుచన. అమా-లే నా చేతిని చూసి, వ్రేళ్ళతో కాదు, అరచేతి మడమతో నొక్కవలెనని చూపినది. మాట లేదు. నా మణికట్టును పట్టుకొని రెండుసార్లు ముందుకు నెట్టి వదిలినది, అంతే. తెల్లవారి పిండిని ముద్దలు చేసి చేతులతో తట్టి, మొదట పెనం మీద రెండు వైపులా పైపైన గట్టిపడేవరకు కాల్చి, తరువాత నిప్పుల ప్రక్కన నిలబెడతారు. అసలు కాలటం అక్కడ. నిప్పు సెగకు రొట్టె మెల్లగా పొంగుతుంది, త్రిప్పుతూ ఉండవలెను. ఎంతసేపు అని అడిగితే ఆమె నవ్వినది. రొట్టె అడుగున వ్రేలితో తట్టి చెవి దగ్గర పెట్టుకొన్నది. డొల్లగా మ్రోగితే కాలినట్లు. నేను తట్టినప్పుడు కూడ మ్రోగినది కాని, ఏ మ్రోత డొల్లదో ఏది కాదో మొదటి రెండు రోజులు నాకు తెలియలేదు. నేను కాల్చిన వాటిలో సగం లోపల పచ్చిగా ఉండిపోయినాయి. వాటిని ఎవరూ పారవేయలేదు. అబి-లే వాటిని తుంచి టీలో నానబెట్టుకొని తినివేసినది.

నాలుగవ నాటి ఉదయం తప్పు జరిగినది. అవి గోధుమ కోతల రోజులు. ఆ రోజున ఇరుగుపొరుగు నుండి ఆరుగురు మనుష్యులు వీరి చేను కోయటానికి వచ్చినారు. కూలికి కాదు, రేపు వీరు వారి చేనికి పోతారు. అమా-లే చీకటి ఉండగనే చేనికి పోయినది. పిండి రాత్రి నేనే పిసికి పెట్టినాను. ఆమె తిరిగి వచ్చి రొట్టెలు కాల్చి తీసుకొని పోవలెను. ఆ పని నేను చేసి పెడితే ఆమెకు శ్రమ తప్పుతుంది గదా అనుకొన్నాను. నిజం చెప్పవలెనంటే, శ్రమ తప్పించటం కంటె ఆమెను ఆశ్చర్యపరచవలెనన్న కోరికే ఎక్కువ. గిన్నెలోని పిండినంతటిని ముద్దలు చేసినాను. చివర ఒక పిడికెడు మిగిలితే దానిని రెండు ముద్దలకు పంచివేసినాను. గిన్నె అంచున అంటుకొన్న దానిని కూడ గీకి తీసినాను. మా ఇంట పెరుగు గిన్నెను అట్లా ఊడ్చితే మా అమ్మ ఊరుకొనేది కాదు. ఆ సంగతి ఆ క్షణాన నాకు తట్టలేదు. పదకొండు రొట్టెలు అయినాయి. పదకొండూ చక్కగా పొంగినాయి. నా జీవితంలో నేను చేసిన వస్తువులలో వాటిని చూసి పడినంత గర్వం మరి దేనిని చూసీ పడలేదు.

అమా-లే వచ్చినది. రొట్టెల వంక చూడలేదు. గిన్నె వంక చూసినది.

అత్తగారితో ఏదో ఒక్క మాట అన్నది. అబి-లే ముందు అర్థం కానట్లు చూసి, పిదప కన్నీళ్ళు వచ్చేవరకు నవ్వినది. అమా-లే నవ్వలేదు, కోపగించలేదు. రొట్టెలను గుడ్డలో మూట గట్టి కూతురి చేతికిచ్చి చేనికి పంపినది. తాను ఒక చిన్న గిన్నె తీసుకొని కాలువ గట్టు వెంట పై ఇంటికి బయలుదేరినది. నేను వెనుక నడిచినాను. ఎందుకు నడిచినానో నాకే తెలియదు, ఎవరూ రమ్మనలేదు. ఆ ఇంటి ఇల్లాలు గిన్నె చూడగానే లోపలికి పోయి ఒక పిడికెడు ముద్ద తెచ్చి అందులో వేసినది. ఇద్దరూ కోత సంగతి మాట్లాడుకొన్నారు. నా సంగతి వచ్చినదో లేదో నాకు తెలియదు.

మధ్యాహ్నం అమ్మాయి విడమరచి చెప్పినది. రెండేండ్ల క్రితం చలికాలంలో ఆ పై ఇంటివారు అందరూ బోధగయకు పోయినారు. రెండు నెలలు పొయ్యి రాజలేదు. తిరిగి వచ్చేసరికి వారి ముద్ద ఎండి చచ్చిపోయినది. అప్పుడు వీరింటి నుండి తీసుకొని పోయినారు. ఈనాడు వీరు తెచ్చుకొన్నది ఆనాడు వీరిచ్చిన దాని సంతానమే.

మన తెలుగు ఇండ్లలో పాలకు వేసే ఆ చారెడు మజ్జిగను 'తోడు' అంటాము. తోడు అంటే వెంట ఉండేది కూడ. ఒకే మాటలో ఈ రెండు అర్థాలు ఎట్లా కుదిరినాయో చెప్పటం పండితుల పని గాని, ఏ ఇంట్లో తోడు లేకపోయినా ప్రక్క ఇంటికి గిన్నె పంపటం మాత్రం మనకు కొత్త కాదు. తోడు అడిగినవారిని తిరిగి ఇమ్మని ఎవరూ అడగరు. దానిని అప్పు అనరు, దానమూ అనరు. చేబదులు అనటానికి కూడ వీలు లేదు, చేబదులైనా తిరిగి ఇవ్వవలసినదే గదా.

ఇంత చిన్న విషయానికి ఇంత మథనపడటం ఏమిటని ఎవరైనా అడుగవచ్చు. ఆ ప్రశ్న న్యాయమైనదే. గోధుమ పిండి, నీళ్ళు కలిపి వారం పది రోజులు ఓపికగా పెడితే పిండిలోను గాలిలోను ఉండే సూక్ష్మజీవుల వలన ఆ ముద్ద తనంతట తానే పులుస్తుంది. పులియటం ప్రాణుల పని అని పాశ్చర్ 1857 లోనే ప్రకటించినాడు. అదీ కాకుంటే లేహ్ బజారులో తినే సోడా దొరుకుతుంది, ఈస్టు పొట్లాలూ దొరుకుతాయి. చాల ఇండ్లలో అవే వాడుతున్నారు. నా వలన ఏ ప్రాచీన సంపదా నశించలేదు. ఆ కుటుంబం నష్టపోయినది పది నిమిషాల నడక.

అయినా తప్పు ఉన్నది. అది ముద్ద చనిపోవటంలో లేదు. నేను గిన్నెలోని పిండిని చూసిన చూపులో ఉన్నది. ఆ గిన్నెలో ఉన్నదంతా నేటి రొట్టె అని నేను అనుకొన్నాను. ఆ ఇంటి వారికి అందులో ఒక పిడికెడు ఎప్పుడూ రేపటిది. మూడు రోజులు ఆమె ఆ పిడికెడు తీసి ప్రక్కన పెట్టటం నేను కండ్లారా చూసినాను. చూసి కూడ నేర్వలేదు. పిసకటం నేర్చుకొన్నాను, తట్టటం నేర్చుకొన్నాను, మ్రోత వినటం నేర్చుకొన్నాను. అవన్నీ నేను వెంట తెచ్చుకోగలవి. తీసి పెట్టటం మాత్రం నేర్వలేదు, ఎందుచేతనంటే దానితో నాకు పని లేదు. రేపు నేను అక్కడ ఉండను. బాటసారికి ఉన్నది ఈనాడు ఒక్కటే. గృహస్థుకు ఈనాటి కంటె రేపటి బరువే ఎక్కువ. ఒకే పొయ్యి ముందు కూర్చున్నా మేము ఒకే పని చేయటం లేదని అప్పుడు తెలిసినది. నా రొట్టె మాడిపోతే అది ఊరికి పోయి చెప్పుకోదగిన కథ అవుతుంది. ఆమె రొట్టె మాడిపోతే చేనిలో ఆరుగురు పస్తుంటారు.

శరీరశ్రమను గురించి గాంధీజీ చెప్పినది ఇక్కడ గుర్తుకు రాక మానదు. తాను తినే తిండికి తన చేతులతో పాటుపడనివాడు పరుల సొమ్ము తిన్నట్లే అన్న ఆలోచన తిమోఫీ బొండరెవ్ అనే రష్యా రైతుది. టాల్‌స్టాయ్ దానిని లోకానికి ఎత్తి చూపినాడు, గాంధీజీ గీతలోని యజ్ఞభావంతో దానిని ముడిపెట్టినాడు. జొహానెస్‌బర్గులో ఉన్నప్పుడు ఆయన ఇంట్లో తిరగలి పెట్టుకొని పిండి విసురుకొని రొట్టె చేసుకొన్న సంగతి అందరికీ తెలిసినదే. పిండి పిసుకుతున్న మొదటి రెండు రోజులు నేను కూడ ఆ శ్రమలో పాలుపంచుకొంటున్నానని సంతోషపడినాను. కాని మనసు వచ్చినప్పుడు మానివేయగల శ్రమకు ఆ పేరు చెల్లదు. నాకు చేయి నొచ్చినప్పుడు నేను గిన్నె ప్రక్కకు జరిపి కొండల వంక చూస్తూ కూర్చున్నాను. ఆమె చేయి నొచ్చినదా అని అడగవలెనని కూడ నాకు తోచలేదు.

ఇక ఋణం సంగతి. ఫ్రెంచి పండితుడు మార్సెల్ మోస్ 1925 లో ప్రచురించిన వ్యాసంలో, కానుక అనేది ఉచితం కాదని, ఇవ్వటం, పుచ్చుకోవటం, తిరిగి ఇవ్వటం అనే మూడు విధులు దానిలో ఇమిడి ఉన్నాయని వాదించినాడు. మన పెద్దలు ఈ విషయాన్ని వేరొక వైపు నుండి చూసినారు. దేవఋణం, ఋషిఋణం, పితృఋణం అనే మూడింటిని గురించి మనం తరచు వింటాము. శతపథ బ్రాహ్మణం నాలుగవ ఋణాన్ని కూడ చెప్పుతున్నది: సాటి మనుష్యులకు మనం పడిన ఋణం. మనిషి పుట్టటమే ఆ ఋణంతో పుట్టుతాడట. వచ్చినవారికి ఆశ్రయమిచ్చి అన్నం పెట్టి దానిని తీర్చుకోవలెనట. ఈ లెక్క ప్రకారం అన్నం పెట్టినవాడు ఋణం తీర్చుకొంటున్నాడు గాని అప్పిచ్చినవాడు కాడు. ఈ భావం నాకు చాల కాలం ఊరటగా ఉండేది. కాని అందులో అతిథికి ఒక సందు ఉన్నది. పెట్టినవాడు తన ఋణం తీర్చుకొన్నాడు, ఇక నాకేమిటి అని చేయి కడుక్కొని లేచి పోవచ్చు. తానూ తన ఇంటి గడప మీద మరొకరికి పెట్టినప్పుడు గదా లెక్క సరిపడేది! ఊళ్ళు తిరిగేవాడికి గడప ఏది?

కనుకనే డబ్బును గురించి నా అభిప్రాయం మార్చుకొన్నాను. ఆతిథ్యానికి డబ్బు ఇస్తే అది మలినమైపోతుందని, ప్రేమతో పెట్టినదానికి వెల కట్టరాదని మనలో చాలమంది అంటారు. ఈ మాట అనేవారు సాధారణంగా పెట్టేవారు కారు, తినేవారు. ఆ ఇంట గోడకు అంటించిన కాగితం నాకు మొదట కొంత చివుక్కుమనిపించినది. వెళ్ళే నాటికి దాని మీద గౌరవం కలిగినది. ఆ కాగితం వలన అమ్మాయి జమ్మూలో చదువుకొంటున్నది. రేపు ఉండని వానికి, రేపు ఉండేవారికి మధ్య న్యాయంగా జరుగగల వ్యవహారం డబ్బే. పుచ్చుకొన్నవారు నా దయకు లోబడరు, ఇచ్చిన నేను వారి మీద హక్కు చెప్పుకోను. కాని ఆ కాగితంలో గదికి వెల ఉన్నది, భోజనానికి వెల ఉన్నది, రొట్టె నేర్పినందుకు లేదు. చివరి రాత్రి నేను లెక్క కంటె ఎక్కువ పెట్టినాను. అమా-లే నోట్లు లెక్కపెట్టి, కాగితంలో ఉన్నంత ఉంచుకొని, మిగిలినది నా చేతిలో పెట్టినది. అమ్మాయిని అడగమన్నాను, నేర్పినందుకు ఎంత అని. అడిగినది. తల్లి చెప్పిన జవాబును అనువదించటానికి అమ్మాయి కాస్త తటపటాయించినది. "నేర్చుకొన్నట్లయితే అప్పుడు చూద్దాం అంటున్నది మా అమ్మ" అన్నది.

ఆ మాట ఎకసెక్కమో, పరిహాసమో, ఉన్న మాటో, ఇన్నేండ్లలో ఎన్నోసార్లు త్రిప్పి చూసుకొన్నాను. మూడూ కావచ్చు.

అంతకు ముందే, ఆ సాయంకాలం, నేను ఒక పని చేసినాను. క్రితం రోజు పై ఇంటి నుండి తెచ్చిన ముద్దతో పిసికిన పిండి మళ్ళీ చక్కగా పులిసినది. ఈసారి కాల్చబోయే ముందు రేపటి పిడికెడు నేనే తీసి పెట్టినాను. అమా-లే చూసి ఊరుకొన్నది. ఇంకొక పిడికెడు కూడ తీసి గిన్నెలో వేసుకొని, చెడగొట్టినవాణ్ణి నేను కనుక నేనే తిరిగి ఇచ్చి రావలెనని పై ఇంటికి పోయినాను. ఆ ఇల్లాలు గిన్నె వంక, నా వంక చూసి, లోపలి నుండి తమ గిన్నెను తెచ్చి మూత తీసి చూపినది. అందులో ముద్ద నిండుగా పొంగి ఉన్నది. హిందీలో, తడుముకొంటూ, "మాది బ్రతికే ఉన్నది గదా. మాది పోయినప్పుడు అడుగుతాము" అన్నది. అని, ఒక దోసెడు ఖుబానీ పండ్లు తెచ్చి నా జేబులో పోసినది.

కాలువ గట్టు వెంట దిగి వచ్చినాను. చీకటి పడుతున్నది. చేనిలో పనలు కట్టి నిలబెట్టి ఉన్నారు. గిన్నె ఎట్లా తీసుకొని పోయినానో అట్లాగే తిరిగి వచ్చినందుకు అబి-లే మళ్ళీ నవ్వినది. అమా-లే ఆ ముద్దను చేతిలోకి తీసుకొని వాసన చూసి, మర్నాటికి పిసుకుతున్న పిండిలో కలిపివేసినది. మర్నాడు చీకటితోనే వచ్చే బస్సు ఎక్కి నేను లేహ్‌కు వెళ్ళిపోయినాను. ఆ రొట్టెలు అప్పటికి ఇంకా కాల్చలేదు.